చిటికెడు దుమ్ము కోసం

బీరువా పైన తుడిచి ఇంకా గుడ్డ దులపనైనా లేదు, మళ్ళీ అక్కడ సన్నగా పొర! “ఎక్కణ్ణించి వస్తుందమ్మా ఈ దుమ్మంతా?” అని విసుక్కోని ఇల్లాలు ఉందంటారా? వీధిలోంచి వచ్చేది సరే, ఆకాశంలోంచి కూడా ఏటా వేల టన్నుల దుమ్ము భూమ్మీద రాలుతూనే ఉంటుందిట. తోకచుక్కలు విదిలించిందీ, గ్రహశకలాలు ఢీకొంటే రేగిందీను.

మనం ఊడ్చి పారబోసే దుమ్ము కోసం జీవితమంతా వెచ్చించినాయన ఒకరున్నారు. పేరు డోనల్డ్ బ్రౌన్‌లీ, అమెరికాలో ఖగోళ శాస్త్రజ్ఞుడు. వంటింటి గూట్లో నూనె సీసాకి దుమ్ము అతుక్కోదూ? 1970లలో ఆయన చేసిన ఉపాయం అదే. జిడ్డునూనె పూసిన పలకల్ని యూ-2 విమానాలకి అమర్చి, 20 కిలోమీటర్ల ఎత్తున ఆ రేణువుల్ని పట్టారు.

కానీ గాలిలో దొరికిన రేణువు ఏ తోకచుక్కదో ఎలా చెప్పడం? అందుకని దాని గుమ్మంలోకే వెళ్ళాలనుకున్నారు. 1999 ఫిబ్రవరిలో ‘స్టార్‌డస్ట్’ నౌక బయల్దేరింది. 2004 జనవరి 2న విల్ట్-2 అనే తోకచుక్కకి దాదాపు 240 కిలోమీటర్ల దూరంలోంచి, సెకనుకి 6 కిలోమీటర్ల వేగంతో దూసుకుపోయింది. ఆ వేగంలో తగిలిన రేణువు పిండి పిండి అయిపోదూ? అందుకే గడ్డకట్టిన పొగలా ఉండే ఏరోజెల్ పరిచారు. అందులో నూటికి తొంభై తొమ్మిది పాళ్ళు గాలే! దూదిలో సూది దిగినట్టు రేణువులు అందులో దిగి ఆగాయి.

తీరా ఇంటికి రావడమే గండం. ఆ ఏడాది సెప్టెంబరులోనే, సూర్యుడి నుంచి వెలువడే రేణువుల్ని మోసుకొచ్చిన ‘జెనెసిస్’ పెట్టె, పారాచూట్ విచ్చుకోక యూటా ఎడారిలో పడి పగిలింది. చిన్న స్విచ్చి తలకిందులుగా బిగించిన పాపం! స్టార్‌డస్ట్ పెట్టె దిగాల్సిందీ ఆ ఎడారిలోనే. 2006 జనవరి 15న తెల్లవారకముందు, ఊపిరి బిగబట్టి చూశారు. పారాచూట్ విచ్చుకుంది!

తెచ్చింది చిటికెడైనా లేదు. అయితేనేం, పాత నమ్మకాన్ని కదిపేసింది. తోకచుక్కలు సూర్యుడికి దూరంగా, గడ్డకట్టే చలిలో పుట్టినవి కదా? ఆ దుమ్ములో మాత్రం సూర్యుడి చెంత, నిప్పులాంటి వేడిలోనే తయారయ్యే ఖనిజాలు కనిపించాయి. మంచు ఒడిలో నిప్పుబిడ్డ! ఎప్పుడో అంత దూరం కొట్టుకుపోయి ఉండాలి. 2009లో గ్లైసిన్ కూడా ఉందని చెప్పారు. మన ఒంట్లో మాంసకృత్తులు తయారయ్యే పదార్థాల్లో అదీ ఒకటి.

ఇది చదివాక పొద్దున్న గుడ్డ పట్టుకుని బీరువా ముందు ఓ క్షణం ఆగాను. తరవాత తుడిచేశాననుకోండి. కానీ విసుక్కోలేదు.