హ్యాండ్ బ్రేక్ కేబుల్ మార్పిడి

డ్రైవరు లాగే లివర్ నుంచి కారు వెనుక చక్రాల బ్రేకుల దాకా వెళ్లే ఉక్కు తీగను హ్యాండ్ బ్రేక్ కేబుల్ అంటారు. నిలిపిన బండి కదలకుండా పట్టి ఉంచేది ఇదే. చట్టంలోనూ కంపెనీ పుస్తకాల్లోనూ పార్కింగ్ బ్రేక్ అన్న మాట కనిపిస్తుంది. షెడ్లలో హ్యాండ్ బ్రేక్ అనే అంటారు, తీగను కేబుల్ అనో వైరు అనో పిలుస్తారు. ఇది పోగులు తెగినా, తుప్పుపట్టి తొడుగులో బిగుసుకున్నా కొత్తది వేయడమే మార్గం. పాతదానిలో నూనె పోసి నడిపించడం నాలుగు రోజుల ముచ్చట. వెనుక డ్రమ్ బ్రేకులున్న చిన్న కార్లలో ఈ పనిని ఓపిక ఉన్నవారు ఇంటి దగ్గరే ఒక పూటలో చేసుకోగలరు. ఈ వ్యాసం ఉమ్మడి నల్లగొండ, మహబూబ్‌నగర్ జిల్లాల రోడ్లను, అక్కడ తిరిగే కార్లను దృష్టిలో పెట్టుకొని రాసినది.

నిర్మాణం, పుట్టుక

కేబుల్‌లో లోపల సన్నని ఉక్కు పోగులు పేనిన తీగ, దాని మీద స్ప్రింగులా చుట్టిన ఉక్కు తొడుగు, ఆ పైన ప్లాస్టిక్ పొర ఉంటాయి. తొడుగు రెండు కొసలూ బండికి బిగించి ఉంటాయి కనుక, దారిలో ఎన్ని వంపులున్నా లోపలి తీగ లాగుడు అవతలి కొసకు చేరుతుంది. సైకిల్ బ్రేకు, మోటార్ సైకిల్ క్లచ్ తీగలూ ఈ జాతివే. వీటన్నింటికీ బౌడెన్ కేబుల్ అని పేరు.

ఆ బౌడెన్ ఎవరన్న దానిపై రెండు కథనాలున్నాయి. ర్యాలీ సైకిల్ కంపెనీ స్థాపకుడు సర్ ఫ్రాంక్ బౌడెన్ 1902 ప్రాంతంలో బ్రేకుల్లోని గట్టి కడ్డీలను తీసేసి తీగలు పెట్టించాడన్నది బాగా ప్రచారంలో ఉన్న మాట. కానీ 1896 నాటి పేటెంటు ఎర్నెస్ట్ మానింగ్టన్ బౌడెన్ అనే ఐరిష్ ఆవిష్కర్త పేరున ఉంది. ఫ్రాంక్ బౌడెన్ పక్షాన ఇంటిపేరు కలవడం, సైకిళ్ల వ్యాపారం చేయడం తప్ప గట్టి ఆధారం కనిపించదు. పేటెంటు కాగితాన్ని నమ్మడమే మేలు. డ్రమ్ బ్రేకు సంగతీ కొంతవరకు ఇలాంటిదే. 1902లో లూయీ రెనో రూపొందించాడని సాధారణంగా రాస్తారు. అంతకు కాస్త ముందే విల్హెల్మ్ మేబాక్ చేసిన మోటు రూపం ఒకటి ఉందని చెప్పేవారూ ఉన్నారు.

మన దగ్గర హ్యాండ్ బ్రేక్ అన్ని బండ్లలో ఒకేలా లేదు. పాత విల్లీస్ తరహా జీపుల్లో అది చక్రాల జోలికి పోదు. ట్రాన్స్‌ఫర్ కేసు వెనుక ఉన్న చిన్న డ్రమ్ముతో ప్రొపెల్లర్ షాఫ్టునే పట్టి ఉంచుతుంది. బొలేరోల్లో డ్యాష్‌బోర్డు కింద నుంచి గొడుగు పిడిలా లాగే లివర్ చాలాకాలం కొనసాగింది. 1983 డిసెంబరులో రోడ్డెక్కి 2014 జనవరి దాకా తయారైన మారుతి 800, దాని తర్వాతి ఆల్టో వంటి కార్లతో సీట్ల మధ్య లివర్, వెనుక రెండు చక్రాలకు రెండు కేబుళ్లు అన్న అమరిక ఇంటింటికీ పరిచయమైంది. ఇక్కడ చెప్పే పద్ధతి ఈ తరహా కార్లకు వర్తిస్తుంది.

చట్టం

1988 నాటి మోటారు వాహనాల చట్టం 126వ సెక్షన్ ప్రకారం, లైసెన్సు ఉన్న డ్రైవరు సీట్లో లేకుండా బండిని బహిరంగ స్థలంలో వదలాలంటే ఇంజను ఆపి, బ్రేకు వేసో మరో ఏర్పాటు చేసో బండి దానంతటది కదలకుండా చూడాలి. చక్రం కింద రాయి పెట్టడం ఆ మరో ఏర్పాటు కిందకు వస్తుందేమో గాని, 1989 నాటి కేంద్ర నిబంధనలు కాలి బ్రేకుతో పాటు పార్కింగ్ బ్రేకు విడిగా ఉండాలనే చెబుతాయి. ఏపీ 22, ఏపీ 24 నంబర్లతో మహబూబ్‌నగర్, నల్లగొండల్లో ఇంకా తిరుగుతున్న సొంత కార్లకు ఇది పట్టించుకోవలసిన సంగతి. ఆ నంబర్లు 2014లో తెలంగాణ ఏర్పడక ముందువి. సొంత కారు రిజిస్ట్రేషన్ 15 ఏళ్లకు ముగుస్తుంది. ఆపైన ఐదేళ్ల చొప్పున పొడిగించాలంటే బండిని తనిఖీకి తీసుకెళ్లాలి.

ఎంత పట్టాలన్నదానికి అంతర్జాతీయ కొలత ఒకటుంది. ఐక్యరాజ్యసమితి 13-హెచ్ నియమం ప్రకారం నిండు బరువుతో ఉన్న కారును 20 శాతం వాలులో, అంటే వంద అడుగులకు ఇరవై అడుగులు ఎక్కే దారిలో, పార్కింగ్ బ్రేకు ఒక్కటే నిలపాలి. దానికి చేత్తో లాగే బలం 400 న్యూటన్లు, సుమారు 40 కిలోలు, దాటకూడదు. వెయ్యి కిలోల కారును అలాంటి వాలులో కిందికి లాగే బలం 196 కిలోల దాకా ఉంటుంది. రెండు సన్నని తీగల మీద పడే భారం ఆ లెక్కలోది.

ఈ ప్రాంతంలో తీగ ఎందుకు పోతుంది

వాడి వాడి అరిగిపోతుందన్నది మామూలు అభిప్రాయం. ఈ రెండు జిల్లాల విషయంలో వాడకపోవడం వల్లే ఎక్కువ పోతుందనడం సబబు. విజయవాడ వైపు వెళ్లే 65వ నంబరు జాతీయ రహదారి మీద చౌటుప్పల్ నుంచి కోదాడ దాకా, కర్నూలు వైపు వెళ్లే 44వ నంబరు రహదారి మీద షాద్‌నగర్ నుంచి అలంపూర్ చౌరస్తా దాకా, హ్యాండ్ బ్రేక్ తప్పనిసరి అనిపించే వాలు అరుదు. ఇంటి ముందు ఫస్ట్ గేరులో వదిలేస్తే బండి కదలదు. అలా ఏళ్ల తరబడి లివర్ ముట్టని కార్లెన్నో. ఈలోగా ఎర్రచల్క దుమ్ము, నాట్ల కాలపు పొలం దారుల బురద వెనుక చక్రాల దగ్గర తీగ కొసనున్న రబ్బరు బూటు పగుళ్లలోంచి లోపలికి చేరతాయి. కదలని తీగ ఆ తడిలో తొడుగుకు అతుక్కుపోతుంది. చెర్వుగట్టు, మన్యంకొండ, యాదగిరిగుట్ట వంటి గుట్టలెక్కినప్పుడో, అచ్చంపేట దాటి మన్ననూరు మీదుగా ఈగలపెంట వైపు శ్రీశైలం దారి పట్టినప్పుడో లివర్ గుర్తొస్తుంది. బలంగా లాగితే అతుక్కున్న చోట పోగులు తెగుతాయి, లేదా పట్టిన బ్రేకు మళ్లీ విడవదు.

 

రోజూ వాడాలా వద్దా అన్నదానిపై మెకానిక్కుల్లో రెండు మాటలున్నాయి. వానల్లో బ్రేకు వేసి వారాల తరబడి వదిలేస్తే డ్రమ్మును లోపలి నుంచి ఒత్తిపట్టే షూలు దానికి తుప్పుతో అంటుకుంటాయి కాబట్టి వాడొద్దనేవారున్నారు. అది నిజమే, కానీ ఎక్కువ రోజులు కదలని బండికే. రోజూ తిరిగే కారుకు రోజూ లాగడమే మందు. నెల రోజులు ఊరెళ్లేటప్పుడు మాత్రం చదునైన చోట గేరులో పెట్టి, చక్రాలకు చెక్క దిమ్మెలు ఆనించి, హ్యాండ్ బ్రేక్ వదిలేయడం మంచిది.

తీగదా, షూలదా?

లివర్ పైదాకా వచ్చినా బండి పట్టకపోతే వెంటనే తీగ సాగిందంటారు. చాలాసార్లు నేరం డ్రమ్ములో ఉంటుంది. షూల లైనర్లు అరిగి, షూలను దానంతటదే సర్దవలసిన అడ్జస్టర్ తుప్పుపట్టి ఆగిపోతే షూకూ డ్రమ్ముకూ మధ్య సందు పెరుగుతుంది. అప్పుడు సీట్ల మధ్య లివర్ దగ్గరి సర్దుబాటు నట్టు బిగించి తీగను పొట్టి చేయడం అందరూ చేసే పని, చేయకూడని పని. తీగ బిగువుగా ఉంటే లోపలి లివర్ పూర్తిగా వెనక్కి రాదు, అడ్జస్టర్ ఇక ఎన్నటికీ పనిచేయదు. డ్రమ్ము విప్పి చూడకుండా కొత్త కేబుల్ కొనడం డబ్బు దండగ.

తీగ దోషమే అయితే గుర్తులు వేరు. లివర్ దించాక కూడా ఒక చక్రం బిగువుగా తిరుగుతుంది, నాలుగైదు కిలోమీటర్లు నడిపితే ఆ డ్రమ్ము దగ్గర చేయి పెట్టలేనంత వేడి పుడుతుంది. లేదా ఒక పక్క చక్రమే పడుతుంది. బండి కింద చూస్తే ప్లాస్టిక్ పొర చిట్లి లోపలి ఉక్కు చుట్ట ఎర్రగా కనిపించవచ్చు. డ్రమ్ము దగ్గర కొసను విప్పి చేత్తో లాగితే తీగ సాఫీగా జారకపోవడం చివరి రుజువు.

మార్చే విధానం

చాలా కార్లలో కేబుళ్లు రెండు పక్కలా ఒకే పొడవు ఉండవు. కొనేటప్పుడు మోడల్, తయారైన సంవత్సరం చెప్పి, ఎడమదీ కుడిదీ రెండూ తీసుకోవాలి. ఒకటే మారిస్తే కొత్తదీ పాతదీ బిగువులో కలవక బండి ఒక పక్కే పడుతుంది. పాతది విప్పాక కొత్తదాన్ని పక్కన పెట్టి పొడవు, క్లాంపుల స్థానాలు పోల్చి చూడనిదే బిగించకూడదు.

బండిని చదునైన గట్టి నేల మీద, బండల మీదో సిమెంటు మీదో నిలపాలి. చల్క నేలలో జాకీ దిగబడుతుంది. ముందు చక్రాలకు రెండు వైపులా దిమ్మెలు ఆనించి, గేరులో పెట్టి, హ్యాండ్ బ్రేక్ దించాలి. వెనుక భాగం ఎత్తాక బరువును స్టాండ్ల మీదకు మార్చాలి. స్టెప్నీతో వచ్చే జాకీ టైరు మార్చడానికి మాత్రమే. దాని మీద నిలిచిన బండి కిందకు తల పెట్టడం ప్రాణం మీదకు తెచ్చుకోవడమే. ఇటుకలూ పనికిరావు, బరువుకు చిట్లిపోతాయి.

మొదట లివర్ దగ్గరి కవరు తీసి సర్దుబాటు నట్టు పూర్తిగా వదులు చేయాలి. తర్వాత చక్రం, డ్రమ్ము. మారుతి 800, ఆల్టో వంటి వాటిలో డ్రమ్ము హబ్బుతో కలిసి ఉంటుంది. మధ్య మూత తీసి, అంచు నొక్కి బిగించిన నట్టు విప్పాలి. తిరిగి బిగించేటప్పుడు కొత్త నట్టు వేయడం పద్ధతి. డ్రమ్ము మొండికేస్తే సుత్తితో బాదనక్కర లేదు. కొన్ని సుజుకి డ్రమ్ముల ముఖం మీద మరలు కోసిన రెండు రంధ్రాలుంటాయి. వాటిలో 8 మిల్లీమీటర్ల బోల్టులు రెండింటినీ సమంగా తిప్పుకుంటూ పోతే డ్రమ్ము దానంతటది బయటికొస్తుంది. లోపలి దుమ్మును నోటితో గానీ గాలి పంపుతో గానీ ఊదకూడదు. పాత లైనర్లలో ఆస్‌బెస్టాస్ ఉండవచ్చు. తడిగుడ్డతో తుడవాలి.

స్ప్రింగులు విప్పేముందు ఫోన్‌తో ఒక ఫొటో తీసుకోవాలి, ఒకసారికి ఒక పక్కే విప్పాలి. రెండో పక్క నమూనాగా ఉంటుంది. షూలు వదులయ్యాక వెనుక షూకున్న లివర్ కొక్కెం నుంచి తీగ కొస వస్తుంది. అసలు తిప్పలు తర్వాత. తొడుగు కొస డ్రమ్ము వెనుకనున్న పళ్లెంలోని రంధ్రంలో స్ప్రింగు రేకుల గోళ్లతో పట్టుకొని ఉంటుంది. ఒక గోరు నొక్కితే మరొకటి లేస్తుంది. పేచ్‌కస్‌తో గంటసేపు గెలుకుతూ కూర్చోవడం కంటే, సరిపోయే రింగు పానాను, చాలా కార్లకు 12 నంబరుది, తీగ కొస మీదుగా దూర్చి గోళ్ల మీదకు నెడితే అన్నీ ఒకేసారి ముడుచుకుంటాయి. అప్పుడు వెనుక నుంచి లాగాలి. పుస్తకాల్లో అరుదుగా కనిపించే ఈ చిట్కా షెడ్లలో చాలామందికి తెలుసు.

అక్కడి నుంచి బండి అడుగున క్లాంపుల బోల్టులు విప్పుకుంటూ లివర్ దాకా పోవాలి. తుప్పుపట్టిన బోల్టుకు ముందురోజు రాత్రే నూనె పెట్టి ఉంచితే తల తెగదు. కొత్త తీగ పాతది నడిచిన దారినే నడవాలి, సైలెన్సర్ గొట్టానికి దూరంగా, మెలిక పడకుండా. గోళ్లు రంధ్రంలో టక్కున కూర్చున్న చప్పుడు వినిపించాలి. నేటి కేబుళ్లలో లోపల ప్లాస్టిక్ పూత, కొద్దిగా గ్రీజు ముందే ఉంటాయి. పైనుంచి ఇంజన్ ఆయిల్ పోస్తే దుమ్మును పట్టి ఉంచడం తప్ప ప్రయోజనం లేదు.

సర్దుబాటు

వరుస తప్పకూడదు: ముందు షూలు, ఆ తర్వాతే తీగ. డ్రమ్ము ఎక్కించి కాలి బ్రేకు పదీ ఇరవై సార్లు తొక్కితే షూలు తమ స్థానానికి వస్తాయి. ఆ తర్వాత హ్యాండ్ బ్రేక్ లివర్‌ను గట్టిగా నాలుగైదు సార్లు లాగి వదలాలి. కొత్త తీగ కాస్త సాగి కుదురుకుంటుంది. అప్పుడు నట్టు బిగించాలి. 20 కిలోల లాగుడుకు లివర్ ఎన్ని పళ్లు ఎక్కాలన్నది కారును బట్టి మారుతుంది, చాలా చిన్న కార్లలో 4 నుంచి 9 మధ్య. ఆ కారు పుస్తకంలోని అంకెనే పాటించాలి. లివర్ దించి చక్రాన్ని చేత్తో తిప్పితే ఎక్కడా రాసుకోకూడదు. ఒక పన్ను ఎత్తగానే డ్యాష్‌బోర్డులో ఎర్రదీపం వెలగాలి.

పరీక్షకు ఖాళీగా ఉన్న చిన్న వాలు చాలు. ముందుకొకసారి, వెనక్కొకసారి నిలిపి చూడాలి, పాదం కాలి బ్రేకు మీదే సిద్ధంగా ఉంచి. కొంత దూరం నడిపి వచ్చాక రెండు డ్రమ్ముల వేడిని పోల్చాలి. వారం తర్వాత తీగ మరికాస్త సాగి ఉండవచ్చు. ఇంకోసారి నట్టు చూసుకోవాలి.

వర్తించని బండ్లు

వెనుక డిస్క్ బ్రేకులున్న కార్లలో తీగ కాలిపర్‌కు వెళ్తుంది, లేదా డిస్కు నడుమనున్న చిన్న డ్రమ్ములోకి. కాలిపర్ రకంలో ఒక తేడా ఉంది: ఘాటు దిగి వేడెక్కిన డిస్కు చల్లారి కుంచించుకుంటే పట్టు సడలవచ్చు. అందుకే మరో పన్ను ఎక్కువ లాగి, గేరులో పెట్టి వదలాలి. బటన్‌తో పనిచేసే ఎలక్ట్రానిక్ పార్కింగ్ బ్రేకు 2001 ప్రాంతంలో బీఎండబ్ల్యూ 7 సిరీస్, రెనో వెల్ సాటిస్ కార్లతో మొదలైందని సాధారణంగా చెబుతారు. ఎలక్ట్రానిక్ బ్రేకుల్లో ఎక్కువ రకాలకు లాగే తీగే ఉండదు, కాలిపర్ మీద మోటారు ఉంటుంది. స్కానర్‌తో సర్వీసు స్థితిలో పెట్టకుండా వాటిని ఇంటి దగ్గర విప్పకూడదు. లారీలు, బస్సుల తీరు పూర్తిగా తలకిందులు. వాటిలో బ్రేకును పట్టేది బలమైన స్ప్రింగు, విడిపించేది గాలి. గాలి పోతే బండి నిలిచిపోతుంది.