సెల్‌ఫోనులో రేడియో ఏల ఆగును?

సెల్‌ఫోనులో రేడియో వినుచుండగా నడుమ పాట ఆగును. తెరపై చిన్న చక్రము తిరుగుచుండును. కొన్ని క్షణములకు పాట మరల మొదలగును. పాత రేడియోపెట్టెలో గరగర వినబడెడిదే కాని, ఈ విధముగ పాట ఆగి ఆగి వచ్చెడిది కాదు. ఈ కొత్త జబ్బునకు మందు తెలియవలెనన్న దాని పుట్టుక తెలియవలెను.

రేడియో కేంద్రము తరంగములను నలుదిక్కులకు వెదజల్లును. శ్రోతలు పదిమందియైనను పదిలక్షలమందియైనను దానికి భేదము లేదు. ఇంటర్నెట్టు మార్గము వేరు. 1964లో అమెరికాలో పాల్ బారన్ సందేశమును ముక్కలుచేసి వేర్వేరు దారులలో పంపు విధానమును వివరించెను. బ్రిటనులో డొనాల్డ్ డేవిస్ స్వతంత్రముగ అదే ఆలోచనచేసి, ఆ ముక్కలకు ‘ప్యాకెట్లు’ అని పేరిడెను. ప్యాకెట్లలో కొన్ని ఆలస్యముగ చేరును. కొన్ని దారిలోనే పోవును. ఉత్తరము ఒక క్షణము ఆలస్యమైనను నష్టము లేదు; పాటకు అదే పెద్ద లోపము.

1986 అక్టోబరులో కాలిఫోర్నియాలో ఒక వింత జరిగెను. లారెన్స్ బర్క్‌లీ ప్రయోగశాలకును అచటి విశ్వవిద్యాలయమునకును దూరము 400 గజములే. ఆ నడుమ సెకనుకు 32,000 బిట్ల వేగము 40 బిట్లకు పడిపోయెను! వాన్ జాకబ్‌సన్, మైకేల్ కేరల్స్ కారణము వెదకిరి. ప్యాకెట్ చేరలేదని యంత్రములన్నియు మరల మరల పంపుచుండుటచే రద్దీ ఇనుమడించుచుండెను. రద్దీ కనబడినప్పుడు పంపువారే వేగము తగ్గించుకొను పద్ధతిని జాకబ్‌సన్ 1988లో ప్రకటించెను. నేటి ఇంటర్నెట్టు కుప్పకూలకుండుటకు ఈ మర్యాదయే ఆధారము. కాని రద్దీవేళ మన పాటకు వచ్చు ధార సన్నగిల్లుటయు దీనివలననే.

1994 నవంబరు 7న ఉత్తర కరోలినా విశ్వవిద్యాలయపు విద్యార్థుల రేడియో తన ప్రసారమును ఇంటర్నెట్టులో వినిపించెను. 1995లో ‘రియల్ ఆడియో’ వచ్చి, సామాన్యుల టెలిఫోను తీగపైనను వినుటకు వీలు కల్పించెను. అందలి ఉపాయము మన ఇంటి నీళ్ల తొట్టి వంటిది. కుళాయి కొంతసేపు ఆగినను తొట్టిలో నీరున్నంతవరకు పని జరుగును. వచ్చిన ధ్వనిని ముందుగా కొంత నిలువచేసి, పిదప వినిపింతురు. ఈ తొట్టియే ‘బఫర్’.

ఒక లెక్క చూతము. ధ్వని సెకనుకు 64 కిలోబిట్లు, అనగా 8 కిలోబైట్లు అనుకొనుడు. పది సెకనుల నిలువకు 80 కిలోబైట్లు చాలును. రాబడి 48 కిలోబిట్లే అయినచో సెకనుకు 2 కిలోబైట్ల లోటు. 40 సెకనులలో తొట్టి ఖాళీ!

ఇప్పుడు మందు సులభము. పాట మాటిమాటికి ఆగినచో తక్కువ బిట్ల నాణ్యతను ఎన్నుకొనవలెను. తెర ఆరిన కొంతసేపటికి ఆగినచో, బ్యాటరీ పొదుపు ఏర్పాటు ఆ యాప్‌ను నిద్రపుచ్చుచుండవచ్చును. దానికి మినహాయింపు ఇయ్యవలెను. ఒక్క కేంద్రమే పలుకక తక్కినవి పలికినచో దోషము ఫోనుది కాదు.

విద్యార్థులు రేడియోను, ఫోనును ప్రక్కప్రక్కన పెట్టి ఒకే కేంద్రమును విని చూడవచ్చును. ఫోను వెనుకబడును. ఆ ఆలస్యములో కొంత భాగము తొట్టి నిండుటకు పట్టిన కాలమే. కావున ఫోనులో కాలసూచన విని బడిగడియారము సరిచేయరాదు.

మరియొక మాట. తుపానువేళ కరెంటు పోయి సెల్ టవర్లు మూగవోయినచో తొట్టి నింపు కుళాయియే ఉండదు. దూరపు కేంద్రమునుండి వచ్చు మీడియంవేవ్ తరంగము అప్పుడును బ్యాటరీ రేడియోకు అందవచ్చును. తీరప్రాంతపు ఇండ్లలో ఆ పాత పెట్టెను పారవేయకుండుట మేలు.