ఆగితే పేలే రైలు: అతివేగ రైలు చిత్రాల్లో నేరస్థుని స్థానం

1964 అక్టోబరు 1న టోక్యో, ఒసాకా నగరాల మధ్య ప్రారంభమైన షింకాన్‌సెన్ గంటకు 210 కిలోమీటర్ల గరిష్ఠ వేగంతో నడిచి, యుద్ధానంతర జపాన్ ఆర్థికాభ్యుదయానికి చిహ్నమైంది. 1975 మార్చి 10న ఈ మార్గం హకాతా వరకు విస్తరించింది. నాలుగు నెలలు నిండకముందే, జూలై 5న, తోయేయి సంస్థ నిర్మించిన ‘షింకాన్‌సెన్ దాయ్‌బకుహా’ విడుదలైంది. దర్శకుడు సాతో జున్యా. సుమారు 1500 మందితో టోక్యో నుంచి బయలుదేరిన ‘హికారి 109’లో బాంబు ఉంటుంది. వేగం 80 కిలోమీటర్లకు పడిపోతే అది పేలుతుంది.

ప్రమాద సూచన అందగానే దానంతటదే ఆగిపోవడం ఈ రైలుకున్న ప్రధాన రక్షణ. బాంబు ఆ రక్షణనే మృత్యుకారణంగా మారుస్తుంది. కథలోని ఉత్కంఠకు మూలం ఇదే.

అయితే ఈ చిత్రాన్ని తక్కిన వాటినుంచి వేరుచేసేది నేరస్థుల చిత్రణ. తకాకురా కెన్ పోషించిన ఒకితా దివాలా తీసిన చిన్న కర్మాగారం యజమాని. అతని సహచరుల్లో ఒకరు విఫలమైన విద్యార్థి ఉద్యమం నుంచి, మరొకరు ఒకినావా నుంచి వచ్చినవారు. ముగ్గురూ ఆ అభ్యుదయం వెనుక వదిలేసినవారే. విదేశాలకు పంపిన ప్రతుల్లో వీరి గతాన్ని చాలావరకు కత్తిరించారు. నిడివి తగ్గిందన్నమాట నిజమే కాని, నేరానికి కారణం కూడా దానితోపాటే పోయింది. మిగిలింది బాంబు, రైలు మాత్రమే.

హిందీలో రవి చోప్రా తీసిన ‘ద బర్నింగ్ ట్రెయిన్’ (1980) ఢిల్లీ నుంచి బొంబాయికి తొలి ప్రయాణం చేసే సూపర్ ఎక్స్‌ప్రెస్ కథ. జపాన్ రైలు ఆగకూడదు, ఈ రైలు ఆగలేదు. బ్రేకులు తీసేసిన రణ్‌ధీర్‌ను నడిపించేవి ప్రేమలోను, వృత్తిలోను ఎదురైన పరాజయాలు. నేరం ఇక్కడ పూర్తిగా వ్యక్తిగతం. వ్యవస్థపై ప్రశ్న లేదు.

2025లో హిగుచి షింజి దర్శకత్వంలో నెట్‌ఫ్లిక్స్ ఈ కథను పొడిగించింది. రైలు ‘హయబుసా 60’, వేగ పరిమితి 100 కిలోమీటర్లు. 1975లో 50 లక్షల డాలర్లు అడిగిన చోట, ఇప్పుడు జపాన్ ప్రజలందరినుంచి 10,000 కోట్ల యెన్‌లు కోరతారు. మొత్తం ఇంతగా పెరిగినా, నేరకారణం మాత్రం తండ్రిపై ద్వేషానికి కుదించుకుపోయింది. నాటి జాతీయ రైల్వే చిత్రీకరణకు సహకరించ నిరాకరించింది. అందుచేత తోయేయి నమూనాలు, సెట్లతో పని జరుపుకుంది. 1987 ప్రైవేటీకరణ తరువాత ఏర్పడిన జేఆర్ ఈస్ట్ ఈసారి అసలు రైళ్లనే ఇచ్చింది. కొత్త చిత్రంలో రైల్వే సిబ్బంది ఆద్యంతం ఆదర్శప్రాయులుగా కనిపించడానికి ఈ సహకారమే ఒక కారణమని ఊహించవచ్చు.

పాత చిత్రానికి అలాంటి మొహమాటం లేదు. రైలు క్షేమంగా ఆగిన తరువాత కూడా, ఒకితాను పట్టుకోవడానికి, బాంబు తొలగించే విధానం చెప్పమన్న అభ్యర్థనను టీవీలో ప్రసారం చేయిస్తూనే ఉంటారు. ఆ మోసాన్ని సహించలేక నియంత్రణాధికారి కురామోచి ఉద్యోగం వదిలేస్తాడు.