అంచనాలూ, ఓటరు గుట్టూ

ప్రజాభిప్రాయ సేకరణ ఎన్నికల గాలిని కొలిచే పరికరం మాత్రమేనని అనేకులు నమ్ముతున్నారు. ఆ పరికరం ఎవరి చేతిలో ఉన్నది, ఎవరి వైపు గాలిని కొలుస్తున్నది అన్నదే అసలు ప్రశ్న అని నా అభిప్రాయం.

1936లో అమెరికాలోని ‘లిటరరీ డైజెస్ట్’ పత్రిక 20 లక్షలకు పైగా కార్డులు లెక్కించి, రూజ్వెల్టు ఓడిపోతాడని ప్రకటించింది. ఆయన 48 రాష్ట్రాలలో 46 గెలిచాడు. పత్రిక చిరునామాలు ఏరుకున్నది ఎక్కువగా టెలిఫోన్లు, మోటారు కార్లు ఉన్నవారి జాబితాల నుండి! అడిగినది కలవారిని; ఓటు వేసినది లేనివారు కూడా.

అంచనా తప్పడం ఒక ఎత్తు, అది రాజకీయ శక్తిగా మారడం మరొక ఎత్తు. 1955 ఫిబ్రవరిలో ఆంధ్ర శాసనసభకు మధ్యంతర ఎన్నికలు జరిగినప్పుడు, కమ్యూనిస్టులు అధికారానికి వస్తున్నారన్న మాట ఊరూరా పాకింది. అది కార్యకర్తలకు ధీమా అయితే, భూస్వాములకు బెదురు. కాంగ్రెసు, కృషికార్ లోక్, ప్రజా పార్టీలు ఏకమైనవి. కమ్యూనిస్టులకు సుమారు 31 శాతం ఓట్లు వచ్చినా, 196 స్థానాలలో దక్కినవి 15. ఓటమికి ఇదొక్కటే కారణమనను. కాని ఆ అంచనా ప్రత్యర్థులను ఒక్కటి చేసిందనడంలో సందేహం లేదు.

నేడు అంచనా వ్యాపారమైంది, దాని మీద పందేలూ సాగుతున్నవి. విజయవాడ మాజీ పార్లమెంటు సభ్యుడు లగడపాటి రాజగోపాల్ 2018లో తెలంగాణలో ప్రజాకూటమి, 2019లో ఆంధ్రలో తెలుగుదేశం గెలుస్తాయన్నారు. తెరాసకు 119లో 88, వైకాపాకు 175లో 151 స్థానాలు వచ్చినవి. కంచికచర్ల ఉన్న నందిగామ స్థానమూ వైకాపాదే అయింది.

ఇదే కంచికచర్లలో 1968లో దొంగతనం నెపంతో కోటేశు అనే దళిత యువకుణ్ణి సజీవంగా తగులబెట్టారు. అటువంటి చరిత్ర గల చోట, కామందు వింటూండగా ‘నీ ఓటెవరికి?’ అంటే కూలి ఏమి చెబుతాడు? అతడిచ్చే జవాబు అభిప్రాయం కాదు, ఆత్మరక్షణ. చట్టం అతనికి రహస్య ఓటు ఇచ్చింది ఇందుకే గదా!

పోలింగు ముగిసేదాకా ఎగ్జిట్ పోల్ ఫలితాల ప్రకటనను చట్టం నిషేధిస్తున్నది. నెలల ముందు వచ్చే సర్వేలకు ఆ అడ్డు లేదు. నేను నిషేధం కోరడం లేదు. ప్రతి సర్వేతో పాటు డబ్బెవరిచ్చారో, ఎవరిని అడిగారో, ఎందరు జవాబు చెప్పలేదో ప్రకటించాలని విద్యార్థులూ, ఉపాధ్యాయులూ పట్టుబట్టాలి.