గేమ్ మధ్యలో ఫోన్ వెలుగు దానంతటదే తగ్గిపోతోందా? కారణాలు, ఆపే పద్ధతులు ఇవీ

విశాఖపట్నం: ఆర్కే బీచ్ గోడ మీద కూర్చున్నా, గాజువాక వెళ్లే బస్సులో ఉన్నా, ఇషా తర్వాత లైట్లు ఆపేసిన గదిలో పడుకున్నా కుర్రాళ్లది ఒకటే ఫిర్యాదు. బీజీఎంఐ లాంటి ఆట మంచి పట్టు మీద ఉండగా స్క్రీన్ ఒక్కసారిగా మసకబారుతుంది. రెండు మూడు సెకన్లలో మళ్లీ వెలుగు వస్తుంది గానీ, ఈలోపు అవతలివాడు కొట్టేసి ఉంటాడు. "డిస్‌ప్లే పోయింది అమ్మీ, మార్పించాలి" అని ఇంట్లో పాట మొదలవుతుంది.

డిస్‌ప్లే మార్చడమంటే వేల రూపాయల మాట. నిజానికి ఇలాంటి ఫోన్లలో చాలావాటికి ఏ జబ్బూ ఉండదు. ఫోన్ తన పని తాను చేస్తోంది, అంతే. ఆ పని ఏమిటో తెలిస్తే ఒక్క రూపాయి ఖర్చు లేకుండా ఇంట్లోనే సరిచేసుకోవచ్చు.

వెలుగు ఎందుకు మారుతుంది?

ఫోన్ ముందు భాగంలో, పైన సెల్ఫీ కెమెరా, ఇయర్‌పీస్ ఉండే చోట ఒక చిన్న సెన్సర్ ఉంటుంది. చుట్టూ ఎంత వెలుతురు ఉందో అది కొలుస్తూ ఉంటుంది. వెలుతురును లక్స్‌లలో లెక్కిస్తారు. ట్యూబ్‌లైట్ ఉన్న గదిలో 100 నుంచి 300 లక్స్ దాకా ఉంటే, మిట్టమధ్యాహ్నం బీచ్ ఇసుక మీద ఎండ లక్ష లక్స్‌కు చేరుతుంది. ఇంత తేడా ఉన్నప్పుడు ఒకే వెలుగు రెండు చోట్లా సరిపోదు. అందుకే ఎండలోకి వెళ్తే స్క్రీన్ వెలుగు పెరుగుతుంది, నీడలోకి వస్తే తగ్గుతుంది. దీన్నే ఆటో బ్రైట్‌నెస్ అంటారు. కొన్ని ఫోన్లలో అడాప్టివ్ బ్రైట్‌నెస్ అని ఉంటుంది. 2018లో ఆండ్రాయిడ్ 9 వచ్చినప్పటి నుంచి మనం స్లైడర్‌ను ఎప్పుడు ఎంత జరుపుతున్నామో గమనించి, దాన్నిబట్టి నేర్చుకునే పద్ధతి కూడా వచ్చింది.

మరి గేమ్‌లోనే ఎందుకు ఇబ్బంది? ఫోన్‌ను నిలువుగా పట్టుకున్నప్పుడు సెన్సర్‌కు ఏదీ అడ్డురాదు. గేమ్ కోసం అడ్డంగా తిప్పగానే ఆ పై భాగం ఒక చేతి కిందికి వస్తుంది. బొటనవేలో, అరచేతి అంచో సెన్సర్ మీద పడగానే "చీకటి పడింది" అని ఫోన్ అనుకుంటుంది, వెలుగు తగ్గిస్తుంది. వేలు జరగగానే మళ్లీ పెంచుతుంది. ఆట ఎంత జోరుగా సాగితే వేళ్లు అంతగా కదులుతాయి. అందుకే సరిగ్గా అవసరమైన సమయంలోనే స్క్రీన్ ఆడుకుంటున్నట్టు అనిపిస్తుంది.

ప్రయాణాల్లో అయితే వేలు అడ్డం పడక్కర్లేదు. విశాఖ నుంచి అరకు వెళ్లే రైలే దీనికి మంచి ఉదాహరణ. బైలదిల్లా ఇనుప ఖనిజాన్ని విశాఖ పోర్టుకు చేర్చేందుకు 1960లలో వేసిన కొత్తవలస - కిరండూల్ లైను అది. కొండల్లో సొరంగం వెనుక సొరంగం వస్తూనే ఉంటుంది. ఒక నిమిషం ఎండ, మరో నిమిషం కటిక చీకటి. కిటికీ పక్కన కూర్చుని గేమ్ ఆడితే సెన్సర్ ప్రతి సొరంగానికీ స్పందిస్తుంది.

ముందు కారణం తేల్చుకోండి

సెట్టింగ్స్ మార్చే ముందు చిన్న పరీక్ష చేయాలి. ఆట మధ్యలో స్క్రీన్ మసకబారగానే పైనుంచి కిందికి లాగి బ్రైట్‌నెస్ స్లైడర్ చూడండి.

స్లైడర్ దానంతటదే వెనక్కి జరిగి ఉంటే అది ఆటో బ్రైట్‌నెస్ పనే. స్లైడర్ ఉన్నచోటే ఉండి వెలుగు మాత్రం తగ్గితే, చాలాసార్లు కారణం వేడి గానీ బ్యాటరీ సేవర్ గానీ అయి ఉంటుంది. ఈ రెండింటికీ మందు వేరు. ఇది తెలియక చాలామంది ఆటో బ్రైట్‌నెస్ ఆపేసి, "అయినా తగ్గట్లేదు" అని దుకాణానికి పరుగెడతారు.

ఏ ఫోన్‌లో ఎక్కడ ఆపాలి?

శామ్‌సంగ్: సెట్టింగ్స్‌లో డిస్‌ప్లేలోకి వెళ్లి అడాప్టివ్ బ్రైట్‌నెస్ ఆఫ్ చేయాలి.

రెడ్‌మి, పోకో: సెట్టింగ్స్, డిస్‌ప్లే, బ్రైట్‌నెస్ లెవెల్. అక్కడ ఆటోమేటిక్ బ్రైట్‌నెస్ అని ఉంటుంది.

రియల్‌మీ, ఒప్పో, వన్‌ప్లస్, వివో: సెట్టింగ్స్‌లో డిస్‌ప్లే అండ్ బ్రైట్‌నెస్ తెరిస్తే ఆటో బ్రైట్‌నెస్ కనిపిస్తుంది. వీటిలో చాలా ఫోన్లకు పైనుంచి లాగితే వచ్చే స్లైడర్ పక్కనే ఇంగ్లిష్ ఏ అక్షరం ఉన్న సూర్యుడి గుర్తు ఉంటుంది. దాన్ని ఒకసారి నొక్కితే చాలు.

ఐఫోన్: చాలామంది డిస్‌ప్లే సెట్టింగ్స్‌లో వెతికి విసిగిపోతారు. అది అక్కడ ఉండదు. సెట్టింగ్స్, యాక్సెసిబిలిటీ, డిస్‌ప్లే అండ్ టెక్స్ట్ సైజ్‌లోకి వెళ్లి చివరిదాకా జరిపితే ఆటో బ్రైట్‌నెస్ దొరుకుతుంది. రంగు పసుపుగా మారుతోందనిపిస్తే ట్రూ టోన్, నైట్ షిఫ్ట్ కూడా చూసుకోవాలి. అవి వెలుగును కాదు, రంగును మారుస్తాయి.

కంపెనీ, మోడల్, అప్‌డేట్‌ను బట్టి పేర్లు కొద్దిగా అటూ ఇటూ ఉండొచ్చు. దారి దొరక్కపోతే సెట్టింగ్స్ పైన ఉండే వెతికే పెట్టెలో బ్రైట్‌నెస్ అని కొట్టండి, నేరుగా అక్కడికి తీసుకెళ్తుంది.

ఆట వరకే ఆపుకునే వీలు

పూర్తిగా ఆఫ్ చేయడం కన్నా ఆట సమయంలో మాత్రమే ఆపుకోవడం మేలు. చాలా కంపెనీల ఫోన్లలో గేమ్ మోడ్ ఉంటుంది. రెడ్‌మి, పోకోలో గేమ్ టర్బో, శామ్‌సంగ్‌లో గేమ్ బూస్టర్, మిగతా ఫోన్లలో గేమ్ స్పేస్, గేమ్ అసిస్టెంట్ లాంటి పేర్లతో కనిపిస్తుంది. వీటి సెట్టింగ్స్‌లో బ్రైట్‌నెస్‌ను లాక్ చేసే మీట చాలా మోడళ్లలో దొరుకుతుంది. అది ఆన్ చేస్తే ఆట తెరిచినంతసేపూ వెలుగు కదలదు, ఆట మూయగానే ఫోన్ మామూలు పద్ధతికి వచ్చేస్తుంది.

శామ్‌సంగ్‌లో ఇంకో దారి మోడ్స్ అండ్ రొటీన్స్. "ఫలానా ఆట తెరిస్తే వెలుగు ఇంత ఉండాలి" అని ఒకసారి చెప్పి పెడితే ఆ తర్వాత అదే చూసుకుంటుంది.

ఇవేవీ లేని చవక ఫోన్ అయితే ఆటకు ముందు ఆటో ఆఫ్ చేయడం, అయ్యాక ఆన్ చేయడం అలవాటు చేసుకోవాలి. లేదంటే ఫోన్‌ను రెండో వైపు తిప్పి పట్టుకుని చూడండి. సెన్సర్ ఉన్న అంచు మరో చేతి వైపు వస్తుంది. ఆ చేతి పట్టు వేరుగా ఉంటే అడ్డం పడకపోవచ్చు.

ఆటలో చీకటి మూలలు కనబడటం లేదని కొందరు ఫోన్ వెలుగును నిండుగా పెట్టేస్తారు. బీజీఎంఐ లాంటి ఆటల్లో గ్రాఫిక్స్ సెట్టింగ్స్‌లోనే విడిగా బ్రైట్‌నెస్ ఉంటుంది. ముందు దాన్ని పెంచి చూస్తే ఫోన్ మీద భారం పడదు.

ఆఫ్ చేసినా తగ్గుతుంటే?

వేడి: విశాఖ వేసవిలో ఎండకు ఉక్కపోత తోడవుతుంది. అందులో గంటసేపు ఆట, పైగా ఛార్జింగ్ పెట్టి ఆట. ఫోన్ బాగా వేడెక్కితే తనను తాను కాపాడుకోవడానికి వెలుగు తగ్గించేస్తుంది. ఐఫోన్‌ను 0 నుంచి 35 డిగ్రీల మధ్య వాతావరణంలోనే వాడమని ఆపిల్ చెబుతోంది. మే నెలలో మన ఊళ్లో ఆ గీత దాటడం పెద్ద విషయం కాదు. ఈ తగ్గుదలను ఏ సెట్టింగ్‌తోనూ ఆపలేం, ఆపకూడదు కూడా. ఛార్జర్ తీసేయండి, వెనక కవర్ తీయండి, పది నిమిషాలు ఫ్యాన్ కింద ఉంచండి. ఫ్రిజ్‌లో మాత్రం పెట్టకండి, లోపల తేమ చేరుతుంది.

బ్యాటరీ సేవర్: ఛార్జ్ తక్కువైనప్పుడు ఇది దానంతటదే ఆన్ అయి వెలుగు తగ్గించొచ్చు. బ్యాటరీ సెట్టింగ్స్‌లో ఒకసారి చూడండి.

అడ్డు గ్లాస్: కొత్తగా టెంపర్డ్ గ్లాస్ వేయించిన తర్వాతే సమస్య మొదలైతే దాని నల్ల అంచు సెన్సర్ మీద పడుతోందేమో చూడాలి. ఆటో బ్రైట్‌నెస్ ఆన్ చేసి, మంచి వెలుతురులో పై భాగాన్ని వేలితో పది సెకన్లు మూసి తీయండి. వెలుగు తగ్గి మళ్లీ పెరిగితే సెన్సర్ బాగానే ఉన్నట్టు. శామ్‌సంగ్‌లో ఫోన్ డయల్ చేసే చోట *#0*# కొడితే పరీక్షల పట్టిక వస్తుంది, అందులో సెన్సర్ పనితీరు చూడొచ్చు. ఈ పరీక్షల్లో ఏ మార్పూ లేకపోతే, గ్లాస్ తీసి మళ్లీ చూశాకే సర్వీస్ సెంటర్ మాట ఎత్తండి.

ఇంటికంతా ఒకే ఫోన్ ఉంటే

చాలా ఇళ్లలో పెద్దవాళ్ల ఫోనే పిల్లల ఆటబొమ్మ. అసలు ఇబ్బంది ఇక్కడే వస్తుంది. అబ్బా ఆటో నడుపుతారనుకోండి. రాత్రి కొడుకు ఆటో బ్రైట్‌నెస్ ఆపేసి, వెలుగు తగ్గించి ఆడుకుని పడుకున్నాడు. మర్నాడు పదకొండు గంటల ఎండలో బుకింగ్ వస్తే స్క్రీన్ మీద అడ్రస్ కనబడదు. లేదా వెలుగు నిండుగా వదిలేస్తే మధ్యాహ్నానికే ఛార్జ్ అయిపోతుంది. ఒక పూట సంపాదన పోతుంది. పోర్టులో, స్టీల్‌ప్లాంట్‌లో ఆరుబయట పనిచేసేవాళ్లకు, డెలివరీ కుర్రాళ్లకు ఇదే ఇబ్బంది.

ఇంకో విషయం. చాలా ఫోన్లు తమ గరిష్ఠ వెలుగును ఆటో ఆన్‌లో ఉండి, ఎండ తగిలినప్పుడు మాత్రమే ఇస్తాయి. చేత్తో స్లైడర్ చివరిదాకా లాగినా అంత రాదు. కాబట్టి ఎండలో తిరిగేవారి ఫోన్‌లో ఆటోను శాశ్వతంగా ఆపడం నష్టమే. ఆట అయ్యాక ఆన్ చేసి ఇవ్వాలన్నది ఇంట్లో నియమంగా పెట్టుకోండి.

అమోలెడ్ స్క్రీన్ ఉన్న ఫోన్లకు మరో జాగ్రత్త అవసరం. నిండు వెలుగులో నెలల తరబడి గంటలకొద్దీ అదే ఆట ఆడితే, కదలకుండా ఉండే బటన్లు, మ్యాప్ గుర్తులు స్క్రీన్ మీద మరకల్లా నిలిచిపోవచ్చు. అప్పుడు నిజంగానే డిస్‌ప్లే మార్చాల్సి వస్తుంది.

బ్రైట్‌నెస్ లాక్ యాప్‌లతో జాగ్రత్త

వెలుగును లాక్ చేస్తామంటూ యాప్‌లు బోలెడు దొరుకుతాయి. ఫోన్‌లోనే ఉన్న సౌకర్యానికి బయటి యాప్ ఎందుకు? వెలుగు మార్చే యాప్‌కు ఎస్ఎంఎస్‌లు, కాంటాక్ట్‌లు, యాక్సెసిబిలిటీ అనుమతులతో పని లేదు. అవి అడిగితే వెంటనే తీసేయండి. ముఖ్యంగా లింక్ ద్వారా వచ్చే ఏపీకే ఫైళ్లు వేయొద్దు. యూపీఐ ఉన్న ఫోన్‌లో ఓటీపీలు చదివే యాప్ చేరితే ఖాతా ఖాళీ అవుతుంది. డబ్బు పోతే ఆలస్యం చేయకుండా 1930కి ఫోన్ చేయాలి.

కళ్ల సంగతి మరవొద్దు

ఆటో ఆపేశాక వెలుగు బాధ్యత మనదే. ఎంత పెట్టాలో తెలుసుకోవడానికి సులువైన కొలత ఉంది. స్క్రీన్ మీద తెల్ల పేజీ తెరిచి, పక్కన ఒక తెల్ల కాగితం పెట్టండి. స్క్రీన్ దీపంలా మెరిస్తే ఎక్కువ, బూడిద రంగులో కనిపిస్తే తక్కువ. రెండూ ఒకేలా ఉంటే ఆ గదికి అది సరైన వెలుగు. చీకటి గదిలో నిండు వెలుగుతో ఆడటం కళ్లకు అలసట, నిద్రకు దెబ్బ. గదిలో చిన్న లైటైనా వేసుకోవాలి.

ప్రతి 20 నిమిషాలకు ఒకసారి, 20 అడుగుల దూరంలో ఉన్న వస్తువును 20 సెకన్లు చూడమని కంటి డాక్టర్లు చెబుతారు. ఒక మ్యాచ్ అయ్యాక కిటికీలోంచి బయటికి చూస్తే సరిపోతుంది.

పిల్లవాడు ఎంత వెలుగు పెట్టినా "కనబడటం లేదు" అంటున్నాడా? ఫోన్‌ను ముఖానికి దగ్గరగా పెట్టుకుంటున్నాడా? బోర్డు మీద అక్షరాలు కనబడక పక్కవాడి నోట్‌బుక్ చూసి రాసుకుంటున్నాడా? అయితే తేడా ఫోన్‌లో కాదు, చూపులో ఉండొచ్చు. పెదవాల్తేరులో ప్రభుత్వ ప్రాంతీయ కంటి ఆసుపత్రి, హనుమంతవాక దగ్గర ఎల్.వి. ప్రసాద్ కంటి ఆసుపత్రి ఉన్నాయి. సెట్టింగ్ మార్చడానికి రెండు నిమిషాలు చాలు. పిల్లవాడి చూపు పరీక్షకు ఒక పూట పడుతుంది. ఫోన్ దుకాణానికి వెళ్లేముందు ఆ ఒక్క పూట కేటాయించడం మంచిది.