ఉల్రిచ్ మ్యూహె

ఉల్రిచ్ మ్యూహె (జూన్ 20, 1953 - జూలై 22, 2007) జర్మనీకి చెందిన రంగస్థల, చలనచిత్ర, టెలివిజన్ నటుడు. తూర్పు జర్మనీ రంగస్థలంపై పేరు తెచ్చుకొని, రెండు జర్మనీల ఏకీకరణ తరువాత సినిమాలలో క్యారెక్టర్ నటుడిగా స్థిరపడ్డాడు. 2006లో విడుదలైన "ది లైవ్స్ ఆఫ్ అదర్స్" (ఇతరుల జీవితాలు) చిత్రంలో ధరించిన రహస్య పోలీసు అధికారి పాత్ర ఇతడికి ప్రపంచవ్యాప్త గుర్తింపు తెచ్చిపెట్టింది.

బాల్యం, విద్య

మ్యూహె అప్పటి తూర్పు జర్మనీలోని గ్రిమ్మా పట్టణంలో జన్మించాడు. తండ్రి ఉన్నితోలు దుస్తులు కుట్టే వృత్తిలో ఉండేవాడు. పాఠశాల చదువు ముగిశాక మ్యూహె భవన నిర్మాణ పనిలో శిక్షణ పొందాడు. నిర్బంధ సైనిక సేవలో భాగంగా బెర్లిన్ గోడ వద్ద కాపలా విధులు నిర్వహించాడు. ఆ కాలంలో కడుపులో పుండ్లు ఏర్పడి ఆ విధుల నుండి తప్పుకోవలసి వచ్చింది. 1975 నుండి 1979 వరకు లైప్‌జిగ్ నాటక కళాశాలలో నటన అభ్యసించాడు.

రంగస్థలం

కార్ల్ మార్క్స్ స్టాట్ (నేటి చెమ్నిట్జ్) నగర నాటకశాలలో నట జీవితం ప్రారంభించాడు. నాటకకర్త హైనర్ మ్యూలర్ ఆహ్వానంపై తూర్పు బెర్లిన్ చేరి, 1983 నుండి డాయిషస్ థియేటర్‌లో ప్రముఖ నటుడయ్యాడు. మ్యూలర్ దర్శకత్వంలో హామ్లెట్ పాత్ర ధరించాడు.

1989 శరదృతువులో ఈ నాటకశాల రాజకీయ నిరసనకు కూడా వేదిక అయింది. తూర్పు జర్మనీలో అప్పటికింకా వెలువడని వాల్టర్ యాంకా స్మృతులను మ్యూహె ప్రేక్షకుల ఎదుట చదివి వినిపించాడు. నవంబర్ 4న అలెగ్జాండర్‌ప్లాట్జ్‌లో జరిగిన భారీ ప్రదర్శనలో ప్రసంగించి, ఏకపార్టీ ఆధిపత్యాన్ని తిరస్కరించాడు. ఐదు రోజుల తరువాత బెర్లిన్ గోడ తెరుచుకొంది.

సినిమాలు, టెలివిజన్

1985లో కవి హోల్డర్‌లిన్ జీవితం ఆధారంగా వచ్చిన చిత్రంలో కవి పాత్రను పోషించాడు. బెర్న్‌హార్డ్ విక్కీ దర్శకత్వం వహించిన "దాస్ ష్పిన్నెన్‌నెట్జ్" (1989) పశ్చిమ జర్మనీలోనూ పేరు తెచ్చింది. మైఖేల్ హానెకె చిత్రాలు "బెన్నీస్ వీడియో" (1992), "ఫన్నీ గేమ్స్" (1997)లలో నటించాడు. కోస్టా గావ్రాస్ తీసిన "ఆమెన్" (2002)లో నాజీ వైద్యుడిగా కనిపించాడు.

జర్మన్ ప్రేక్షకులకు ఇతడు టెలివిజన్ ద్వారా మరింత సుపరిచితుడు. 1998 నుండి 2007 వరకు "డేర్ లెట్జ్‌టె జాయిగె" (చివరి సాక్షి) ధారావాహికలో శవపరీక్షల వైద్యుడు రాబర్ట్ కోల్మార్‌గా నటించాడు. "గోబెల్స్ ఉండ్ గెడుల్డిగ్" (2001) అనే టెలివిజన్ చిత్రంలో నాజీ మంత్రి గోబెల్స్‌గానూ, అతనిని పోలిన యూదుడిగానూ ద్విపాత్రాభినయం చేశాడు.

ది లైవ్స్ ఆఫ్ అదర్స్

ఫ్లోరియన్ హెంకెల్ ఫాన్ డోనర్స్‌మార్క్ దర్శకత్వం వహించిన ఈ చిత్రకథ 1984లో తూర్పు బెర్లిన్‌లో మొదలవుతుంది. ఒక నాటక రచయిత ఇంటిలోని మాటలను రహస్యంగా వినే స్టాసీ అధికారి వీస్లర్ క్రమంగా ఆ రచయితను కాపాడేవాడిగా మారతాడు. వీస్లర్ మాట్లాడేది తక్కువ. అతనిలోని మార్పునంతటినీ మ్యూహె చూపులోని, ముఖకవళికలలోని స్వల్పమైన తేడాలతోనే తెలియజేశాడు. పాత్ర కోసం ఎలా సిద్ధమయ్యారని అడిగినప్పుడు, గుర్తు చేసుకొన్నానని మాత్రమే బదులిచ్చాడు.

సహనటులు తనపై స్టాసీకి సమాచారం అందించారని మ్యూహె వెల్లడించాడు. మాజీ భార్య విషయంలోనూ అటువంటి ఆరోపణే చేయగా, ఆమె దానిని ఖండించి న్యాయస్థానాన్ని ఆశ్రయించింది. ఆ ఆరోపణను మళ్ళీ చేయరాదని న్యాయస్థానం ఆదేశించింది.

ఈ పాత్రకు 2006లో జర్మన్ చలనచిత్ర పురస్కారం, యూరోపియన్ చలనచిత్ర పురస్కారం ఉత్తమ నటుడి విభాగంలో లభించాయి. 2007 ఫిబ్రవరిలో ఈ చిత్రం ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా ఆస్కార్ పొందింది.

మరణం

ఆస్కార్ వేడుక జరిగిన ఐదు నెలలకే, 54 ఏళ్ళ వయసులో, ఉదర క్యాన్సర్‌తో వాల్బెక్ గ్రామంలో మరణించాడు. "ఫన్నీ గేమ్స్"లో ఇతనితో కలిసి నటించిన భార్య సుజానె లోటార్ 2012లో మరణించింది. కుమార్తె అన్నా మరియా మ్యూహె కూడా నటిగా పేరు పొందింది.