పెట్టె మీద అంకె

ఏటా జూలై 15 దగ్గరపడిందంటే ఆదివారం పేజీలవాళ్లకు వీడియో గేములు గుర్తొస్తాయి. 1983లో అదే రోజున జపాన్‌లో నింటెండో కంపెనీ ‘ఫ్యామిలీ కంప్యూటర్’ను అమ్మకానికి పెట్టింది. జనం పిలుచుకున్న పేరు ఫామికామ్. ధర 14,800 యెన్లు. ఎరుపు, తెలుపు ప్లాస్టిక్ పెట్టె, దానికి అంటిపెట్టుకుని రెండు కంట్రోలర్లు. ఆ అసలు పెట్టెను కళ్లతో చూసిన తెలుగువాళ్లు చాలా తక్కువ. దాని నకళ్లతో సెలవులు గడిపినవాళ్లు మాత్రం వీధికి పదిమంది తేలతారు. టీవీకి పిన్నులు గుచ్చి స్విచ్చేస్తే చాలు, క్యాసెట్ పెట్టకుండానే ఆటల జాబితా తెర మీదికొచ్చేది. అట్టపెట్టె మీద ఇంత లావు అక్షరాలతో ‘9999 ఇన్ 1’ అని ఉండేది. నా వరకు ఫామికామ్ పుట్టినరోజంటే ఆ అంకె గురించి మాట్లాడుకునే రోజే.

ఆటలను లెక్కగట్టి అమ్మే అలవాటు ఎక్కడ మొదలైందో చూడాలంటే చాలా వెనక్కి పోవాలి. 16వ శతాబ్దంలో పోర్చుగీసు ఓడలవాళ్లు జపాన్‌కు పేకముక్కలు తీసుకెళ్లారు. జూదం ముదిరిందని పాలకులు వాటిని నిషేధించారు. జనం బొమ్మలు మార్చి కొత్త ముక్కలు చేసుకున్నారు. వాటినీ నిషేధించారు. మళ్లీ కొత్తవొచ్చాయి. ఈ దాగుడుమూతలు సాగి సాగి, పన్నెండు నెలల పూలబొమ్మలతో 48 ముక్కల హనఫుడా తేలింది. 1889లో క్యోటోలో ఫుసజిరో యమౌచి ఆ ముక్కలు చేసి అమ్మే దుకాణం పెట్టాడు. నింటెండో పుట్టుక అదీ. ఇటు మన నిర్మల్ చిత్రకారులు గుండ్రటి గంజిఫా ముక్కలకు రంగులు దిద్దేవారు. ఇంట్లో ఉండే మామూలు పేకకట్టనే తీసుకోండి. అందులో రమ్మీ ఉంది, మూడుముక్కలాట ఉంది, బ్లఫ్ ఉంది, పెళ్లివారింట్లో తెల్లవార్లూ సాగే ఇంకా బోలెడు ఉన్నాయి. ‘ఇందులో ఇన్ని ఆటలు’ అని ఏ కట్ట మీదా ఎవరూ అచ్చేయలేదు. ఆ పని టీవీ వచ్చాక మొదలైంది.

1972లో అమెరికాలో వచ్చిన మాగ్నవాక్స్ ఒడిస్సీ రాల్ఫ్ బేర్ అనే ఇంజినీరు ఆలోచన. ఆరు కార్డులిచ్చి పన్నెండు ఆటలన్నారు. తమాషా ఏమిటంటే ఆ కార్డుల్లో ఆట అనేదే లేదు. లోపలి సర్క్యూట్లను అటూ ఇటూ కలిపే జంపర్లు మాత్రమే ఉన్నాయి. టీవీ అద్దానికి అంటించే రంగు ప్లాస్టిక్ షీటు మారిస్తే టెన్నిస్ కాస్తా హాకీ అయ్యేది. 1976లో జనరల్ ఇన్‌స్ట్రుమెంట్ కంపెనీ ఒకే చిప్పులో ఆరు ఆటలు పెట్టింది. నాలుగు బంతిని కొట్టేవి, రెండు తుపాకీతో కాల్చేవి. మరుసటేడాది నింటెండో ‘కలర్ టీవీ గేమ్ 6’ తెచ్చింది. అందులో ఆరూ టెన్నిసే. అంటే 9999 పెట్టెకు తాత కోఠీలోనో, బీసెంట్ రోడ్డులోనో పుట్టలేదు. క్యోటోలోనే పుట్టాడు.

నకలు పెట్టె స్క్రూలు విప్పినవాళ్లకు మొదట కలిగేది నిరాశే. అంత పెట్టెలో అరచేతిలో సగమంత బోర్డు, దాని మధ్య నల్లటి జిగురు బొట్టు. ఆ బొట్టు కిందే ఫామికామ్ అంతా ఉంది. ప్రాసెసరు, బొమ్మలు గీసే చిప్పు, రెండు కిలోబైట్ల మెమరీ, అన్నిటినీ ఒక్క సిలికాన్ ముక్కలోకి కుదించేశారు. ఇక ఆటల సంగతి. ఏ పెట్టె జాబితా తీసినా రోడ్ ఫైటర్, బ్యాటిల్ సిటీ, ఎక్సైట్‌బైక్, ఐస్ క్లైంబర్, బెలూన్ ఫైట్, సర్కస్ చార్లీ తప్పకుండా కనిపిస్తాయి. అన్నీ 1984-86 మధ్య ఫామికామ్‌కు వచ్చినవి. ఎవరో మంచి ఆటలు ఏరి పెట్టారని చిన్నప్పుడు అనుకునేవాళ్లం. ఏరింది అభిరుచి కాదు, పొదుపు. ఆ తొలినాటి ఆటలు చాలావరకు ఒక్కోటి 24 కిలోబైట్లు. పొద్దున్నే వాట్సాప్‌లో వచ్చిపడే శుభోదయం బొమ్మ అంతకంటే బరువు. సూపర్ మారియో 40 కిలోబైట్లు. కాంట్రా దగ్గరికొచ్చేసరికి 128, పైగా క్యాసెట్‌లో అదనపు చిప్పు కూడా కావాలి. అందుకే చవక పెట్టెలు కొన్నవాళ్లు కాంట్రా కోసం మళ్లీ దుకాణానికి పరిగెత్తాల్సి వచ్చేది.

మరి ఓ ఇరవై ముప్పై ఆటలు తొమ్మిదివేల తొమ్మిదివందల తొంభైతొమ్మిది ఎలా అయ్యాయి? మెనూ రాసినవాడి చేతివాటం. కొత్త పేరు నొక్కితే మొదలయ్యేది పాత ఆటే. కాకపోతే అది మొదలయ్యే ముందు మెమరీలో ఒక అంకె మార్చి పెడతాడు. అయిదో లెవెల్ నుంచి మొదలైతే ఒక పేరు, ప్రాణాలు ఎక్కువిస్తే ఇంకో పేరు. అంతే, ఒక్క మారియో పాతికమంది అవుతాడు. జాబితా కొండవీటి చాంతాడు. దీన్ని మోసం అనడానికి నోరు రాదు నాకు. రెండో లెవెల్ దగ్గరే చతికిలబడే పిల్లవాడికి, ఏ ఎనిమిదివందలో నంబరు దగ్గరో ఏడో లెవెల్ వాకిలి తెరిచి ఉండేది. ఆడి గెలవలేనిది జాబితా తిప్పి చూడొచ్చు. 

ఆటల లోపల దాగినవీ ఉన్నాయి. బ్యాటిల్ సిటీని మన దగ్గర అందరూ ట్యాంకుల ఆటే అనేవారు. మెనూలో మూడోదిగా ‘కన్‌స్ట్రక్షన్’ అని ఉంటుంది. ఇటుకలు, నీళ్లు, చెట్లు మనకు నచ్చినట్టు పేర్చుకుని, అందులోనే యుద్ధం చేయొచ్చు. ఇంగ్లిషు చదవడం రాని వయసులో దాన్ని నొక్కి, ఖాళీ తెర చూసి పాడైందని కట్టేసినవాళ్లున్నారు. తుపాకీతో బాతులను కాల్చే డక్ హంట్‌లో ఒక్క బాతు వచ్చే ఆటలో రెండో రిమోట్ తమ్ముడి చేతికిస్తే, బాతును తిప్పేది వాడే. ఈ ముక్క తెలిశాక ఇళ్లలో ఎన్ని తగవులు జరిగి ఉంటాయో.

అట్ట మీది అంకె ఎప్పుడూ ఎక్కువే చెబుతుందని ఇక్కడిదాకా వస్తే అనిపిస్తుంది. ఒక్కసారి మాత్రం తక్కువ చెప్పింది. ఈ వ్యాసం రాయడానికి నేను ఒప్పుకున్నది ఆ కథ కోసమే.

అమెరికాలో ఒరెగాన్ రాష్ట్రంలో డల్లాస్ అనే చిన్న ఊరు ఉంది. అక్కడ పెట్రోలు బంకు నడిపే ఆయన కొడుకు కోసం కమోడోర్ 64 కంప్యూటర్ కొన్నాడు. 1982లో వచ్చిన ఆ కంప్యూటర్ కీబోర్డులోనే ఇమిడిపోయి ఉంటుంది, టీవీకి తగిలించుకోవాలి. కోటికి పైగా అమ్ముడైన మోడల్ అది. కొడుకు సంగతేమో గానీ, ఎనిమిదేళ్ల కూతురు జెరి ఎల్స్‌వర్త్ తండ్రిని బతిమాలి దాన్ని తన చేతికి తెచ్చుకుంది. మాన్యువల్ చదివి ప్రోగ్రాములు రాయడం తనే నేర్చుకుంది. తర్వాత మట్టి ట్రాకుల మీద రేసు కార్లు నడిపింది. నడపడంతో ఆగలేదు. తండ్రి బంకులోనే కార్లు తయారుచేసి అమ్మింది. ఆ ఆదాయం చూసుకుని హైస్కూలు మానేసింది. 1995లో కంప్యూటర్లు కూర్చి అమ్మే వ్యాపారంలో దిగింది. భాగస్వామితో చెడితే విడిగా దుకాణం తెరిచి, దాన్ని అయిదు దుకాణాలు చేసి, 2000లో అమ్మేసింది. కాలేజీలో చేరి ఏడాదిలో బయటికొచ్చింది. చిప్పులు గీయడం సొంతంగా నేర్చుకుని, 2002లో కమోడోర్ 64లా నడిచే ‘సి-వన్’ అనే బోర్డు ఒకటి చేసి చూపించింది.

ఆ బోర్డు చూసిన బొమ్మల వ్యాపారులు ఆమెను పిలిచారు. కమోడోర్ కంపెనీ 1994లోనే దివాలా తీసింది, పేరుకు మాత్రం ఇంకా గిరాకీ ఉంది. ఒక జాయ్‌స్టిక్, అందులో పాత ఆటలు, నాలుగు బ్యాటరీలు, టీవీకి తీగ. వాళ్లకు కావలసింది ఇంతే. ఇలాంటి బొమ్మలకు సాధారణంగా చేసే పని ఒకటుంది. చవక చిప్పు మీద ఆటలను పైపైన అనుకరించి వదిలేస్తారు. నకలు ఫామికామ్ చిప్పు మీద అటారీ కంపెనీ ఆటలను మళ్లీ రాసి అమ్మిన బొమ్మ కూడా 2004లో బజారులో ఉంది. ఎల్స్‌వర్త్ ఆ దారి పట్టలేదు. కమోడోర్ 64 ప్రాసెసరు, బొమ్మల చిప్పు, సంగీతకారులు ఇప్పటికీ తలుచుకునే దాని సౌండు చిప్పు, అన్నిటినీ ఒకే చిప్పుగా కొత్తగా గీసింది. ఆటలు తమ పాత యంత్రం మీదే ఉన్నామనుకుని ఆడతాయి. 2004 చివర్లో ‘సి64 డీటీవీ’ అనే పేరుతో 30 డాలర్లకు బజారులోకి వచ్చింది. పెట్టె మీద అంకె 30. ఇంపాజిబుల్ మిషన్, సమ్మర్ గేమ్స్, పిట్‌స్టాప్, యురిడియం, పారాడ్రాయిడ్... టీవీలో సరుకులు అమ్మే క్యూవీసీ చానల్‌లో ఒక్క రోజులో 70,000 పోయాయని అప్పట్లో వార్త.

కొన్నవాళ్లలో పాత కమోడోర్ భక్తులున్నారు. వాళ్లు ఆటలు ఆడి ఊరుకునే రకం కాదు. స్విచ్చేసిన వెంటనే కర్రను ఒక పద్ధతిలో ఊపితే ఆటల మెనూ పక్కకు తప్పుకుని, నీలం తెర మీద ప్రోగ్రాములు రాసుకునే బేసిక్ భాష ప్రాంప్టు మెరిసింది, దాంతోపాటు తెర మీదే ఒక కీబోర్డు. అంటే చేతిలో ఉన్నది ఆటబొమ్మ కాదు, మొత్తం కంప్యూటరే. స్క్రూలు విప్పిన వాళ్లకు ఇంకో కానుక దొరికింది. కీబోర్డుకు, డిస్క్ డ్రైవుకు తీగలు అతికించుకునే చోట్లు బోర్డు మీద సిద్ధంగా వదిలిపెట్టి ఉన్నాయి. బొమ్మకు వాటితో పనేమీ లేదు. టంకం పెట్టడం వచ్చినవాళ్ల కోసమే ఆమె అలా వదిలింది. జాయ్‌స్టిక్ డొక్కలో చిల్లులు పొడిచి, కీబోర్డు తగిలించి, ఇరవై ఏళ్ల నాటి ప్రోగ్రాములు దాని మీద నడిపారు. ‘30 ఆటలు’ అని రాసిన బొమ్మలో ఎన్ని ఉన్నట్టు? కమోడోర్ 64 మీద ఎవరైనా రాసినవీ, ఇకముందు రాయబోయేవీ అన్నీ. ప్లగ్ గుచ్చి ఆడే పెట్టెల చరిత్రలో ఇంత కొంటెతనం, ఇంత ఉదారం ఒకే చోట నాకు మరెక్కడా కనిపించలేదు.

ఇక్కడి నుంచి కథ వరుస తప్పుతుంది. నింటెండో 2016 నవంబరులో తన పాత పెట్టెకు బుల్లి రూపం తెచ్చింది. నిజంగా ముప్పై ఆటలు, ఒక్కటీ రెండుసార్లు లేదు. కంట్రోలర్ తీగ మాత్రం రెండు మూరలు కూడా లేదు. టీవీ ముందు బాసింపట్టు వేసుకుని కూర్చోవాల్సిందే. 23 లక్షలు అమ్మి ఆపేసి, గగ్గోలు పుట్టాక 2018లో మళ్లీ తెచ్చింది. దాని కోడ్ తవ్వినవాళ్లకు లోపల ఒక చీటీ దొరికింది. ‘హనఫుడా కెప్టెన్’ పేరుతో ఎవరో ఇంజినీరు, ఎంతో కష్టపడి చేశాం, చిందరవందర చేయకండి అని వేడుకున్నాడు. 2017లో వచ్చిన సూపర్ నింటెండో బుల్లిపెట్టెలో స్టార్ ఫాక్స్ 2 పెట్టారు. తొంభైల్లో తయారై అప్పటిదాకా విడుదల కాని ఆట అది. అదే ఏడాది నింటెండో స్విచ్ యంత్రాల్లో పాత గోల్ఫ్ ఆట దాగి ఉన్నట్టు బయటపడింది. ఆ ఆటకు ప్రోగ్రాం రాసిన సతోరు ఇవాటా తర్వాత నింటెండో అధ్యక్షుడై, 2015 జూలై 11న పోయాడు. ఏటా ఆ తేదీన, ఆయన ప్రసంగాల్లో చేతులు కదిపినట్టు కంట్రోలర్లు కదిపితేనే ఆట తెరుచుకునేది. తర్వాతి అప్‌డేట్లలో తీసేశారు. ఎందుకు తీసేశారో చెప్పలేదు, మొదట ఉన్నట్టూ చెప్పలేదు.

ఇక మన ఆన్‌లైన్ దుకాణాల్లో ఇప్పుడు 400 ఆటల చేతిపెట్టెలు, పదివేల ఆటలంటూ హెచ్‌డీఎంఐ కర్రలు అమ్ముతున్నారు. మెమరీ కార్డు కారుచవక అయిపోయాక అంకెను ఉబ్బించాల్సిన అవసరం లేదు. అయినా అలవాటు పోలేదు. రోడ్ ఫైటర్ ఇప్పటికీ మూడు పేర్లతో కనిపిస్తుంది, పెట్రోలు అయిపోయే చోటు మూడింట్లోనూ ఒకటే. కొనేవాళ్లు అంకె మానేసి చూసుకోవలసింది ఒకటుంది. డక్ హంట్ తుపాకీ నొక్కగానే పాత ఆట తెరను ఒక్క క్షణం నల్లగా చేసి, బాతున్న చోట తెల్లటి చదరం వెలిగిస్తుంది. తుపాకీ కంటికి ఆ వెలుగు ఆ క్షణంలోనే అందాలి. పల్చటి టీవీలు బొమ్మను కాస్త ఆలస్యంగా చూపిస్తాయి కాబట్టి ఎంత గురిచూసి కొట్టినా బాతు ఎగిరిపోతుంది, కుక్క నవ్వుతుంది. ఆ ఆట కోసమే కొనేవాళ్లు డబ్బు పోసేముందు అటక మీద గొట్టం టీవీ ఇంకా ఉందో, పాతసామాన్లవాడికి వేసేశారో ఇంట్లో అడిగి తెలుసుకోవడం మంచిది.